ఎర్రోడికి నా పేరు తెలీదు

2003 సంక్రాంతికి, రెండేళ్ల తర్వాత మొదటిసారి నెల్లూరు వచ్చాను. తెల్లవారుజామున రైలు దిగి, ఆటోవాడితో బేరమాడి, మూలాపేటలో మా సందు మొదట్లో దిగాను. కరెంటు స్తంభం కింద ఎర్రోడు ముడుచుకుని పడుకోనున్నాడు. నా సూట్‌కేసు చక్రాల చప్పుడుకు ముందు ఒక చెవి లేపాడు, తర్వాత తల లేపాడు, ఆ తర్వాత లేచి నిలబడి సందు అదిరిపోయేలా మొరగడం మొదలుపెట్టాడు. నేను నవ్వుతూ "ఒరే, నేన్రా" అన్నాను. రెండడుగులు వెనక్కి వేసి ఇంకా గట్టిగా మొరిగాడు. పక్క సందు కుక్కలు కూడా అందుకున్నాయి.

మా జేజి తలుపు తీసింది.

"ఎవురది?"

"నేను జేజీ. ఎర్రోడు నన్ను గుర్తుపట్టలా."

"ఎట్ట గుర్తుపడతాడ్రా? నువ్వేమన్నా కలెక్టరువా? లోపలికి రా, చలి."

చెప్పుకుంటే సిగ్గుచేటు గానీ ఆ పండగ మూడు రోజులూ నాకది గుచ్చుకుంటూనే ఉంది. ఇంటర్‌లో చేరినప్పటి నుంచి హైదరాబాదు పోయేదాకా, దాదాపు ఆరేళ్లు, వాడికి రాత్రి అన్నం పెట్టింది నేను. వానొస్తే అరుగు మీదికి రానిచ్చింది నేను. చెవిలో పురుగు పడితే పసుపు రాసింది నేను. "విశ్వాసం లేని కుక్క" అనుకున్నాను. అనుకున్నాక నాకే నవ్వొచ్చింది. మనిషిని తిట్టాలంటే కుక్కకున్న విశ్వాసం కూడా నీకు లేదంటాం. మరి కుక్కకే లేకపోతే దాన్ని ఏమని తిట్టాలి?

ఈ మాట మీద నాకు చాలా కాలంగా ఒక పేచీ ఉంది. దాన్ని తీర్చింది ఒక అమెరికా బొమ్మలాయన. ముందు ఆయన కుక్క గురించి చెప్పాలి.

ఆ కుక్క నాకు మొదట ఒక టీషర్టు మీద తగిలింది. 1996లో అనుకుంటా, ట్రంకు రోడ్డులో తోపుడు బండి మీద అరవై రూపాయలకు కొన్నాను. ఎర్ర కప్పున్న చిన్న ఇల్లు, ఆ కప్పు కొన మీద వెల్లకిలా పడుకున్న తెల్ల కుక్క. కింద దాని పేరు తప్పుగా అచ్చేశారని కూడా అప్పుడు నాకు తెలీదు. మా చిన్నాయన దాన్ని చూసి, "అదేందిరా, కుక్క ఇంటి మీదికెక్కి పడుకోనుంది, లోపల ఉక్కపోతా?" అన్నాడు. రెండు ఉతుకులకు కప్పు రంగు కుక్కకు అంటింది. ఇంకో రెండు ఉతుకులకు అది ఇల్లు తుడిచే గుడ్డయింది.

2003లో పండగ చేసుకుని తిరిగి హైదరాబాదు పోయాక, అబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద పరిచే పాత పుస్తకాల్లో అదే కుక్క కనబడింది. అట్టలు ఊడిన లావుపాటి పుస్తకం. చార్లెస్ షుల్జ్ గీసిన 'పీనట్స్' కామిక్కులు. టీషర్టు బాకీ ఏదో ఉన్నట్టు కొనేశాను. ఆ రాత్రి రూములో చదువుతుంటే ఒకచోట ఆగిపోయాను. స్నూపీ అనే ఆ కుక్కకు తన యజమాని పేరు తెలీదు. అతని పేరు చార్లీ బ్రౌన్. రోజూ గిన్నెలో తిండి పెట్టేది అతనే. కానీ స్నూపీ మనసులో అతను 'ఆ గుండ్రటి తల పిల్లోడు'. అంతే. ఏళ్ల తరబడి అంతే.

మా ఎర్రోడికి నా పేరు కూడా తెలీదు కదా అనిపించింది. నాది తల కూడా గుండ్రంగా ఉండదు, ఆ గుర్తు కూడా లేదు.

షుల్జ్ గురించి తెలుసుకునే కొద్దీ ఆయన కుక్కల్ని చూసిన తీరు మీద నాకు గౌరవం పెరిగింది. 1922లో మినియాపొలిస్‌లో పుట్టాడు, పక్కనే ఉన్న సెయింట్ పాల్‌లో పెరిగాడు. వాళ్ల నాయన మంగలి షాపు నడిపేవాడు. ఇంట్లో స్పైక్ అని నలుపూ తెలుపూ కలిసిన కుక్క ఒకటుండేది. ఏది దొరికితే అది మింగేసే రకం. 1937లో, షుల్జ్‌కు 14 ఏళ్లప్పుడు, ఆ కుక్క బొమ్మ గీసి, అది పిన్నులూ మేకులూ బ్లేడ్లూ తింటుందని రాసి, వింతలు అచ్చేసే 'రిప్లీస్' శీర్షికకు పంపాడు. వాళ్లు వేశారు. అచ్చులో ఆయన మొదటి బొమ్మ అదే. చూశారా, కుక్క గురించి ఆయన లోకానికి చెప్పిన మొదటి సంగతి దాని విశ్వాసం గురించి కాదు, దాని కడుపు గురించి.

1943లో వాళ్లమ్మ క్యాన్సర్‌తో పోయింది. అప్పటికే ఆయనకు మిలిటరీ పిలుపు వచ్చి ఉంది. ఇంకో కుక్కను తెచ్చుకుంటే దానికి స్నూపీ అని పెడదామని ఆమె ఒకప్పుడు అన్నదట. ఏడేళ్ల తర్వాత కామిక్కు మొదలుపెట్టేటప్పుడు కుక్కకు స్నిఫీ అని పేరు పెట్టబోయాడు. ఆ పేరు అప్పటికే వేరే కామిక్కులో ఉందని తెలిసి ఆగిపోతే, అమ్మ మాట గుర్తుకొచ్చింది. 1950 అక్టోబరు 2న పీనట్స్ మొదలైంది, 4న స్నూపీ వచ్చాడు. మొదట్లో మామూలు కుక్కపిల్లే, నాలుగు కాళ్ల మీదే తిరిగేవాడు. 1952లో వాడి తల మీద మొదటిసారి ఆలోచనల బుడగ వచ్చింది. ఇంకొన్నేళ్లకు రెండు కాళ్ల మీద నిలబడ్డాడు. తర్వాత కప్పెక్కాడు, టైపు మిషను పెట్టుకుని నవలలు రాశాడు, వాటిని పత్రికలవాళ్లు తిప్పి పంపితే ఆ ఉత్తరాలు చదువుకున్నాడు. రాసేవాళ్లకు ఈ చివరి సంగతి బాగా అర్థమవుతుంది.

ఇంత చేసినా వాడు కుక్క కాకుండా పోలేదు. అదే నా ఆశ్చర్యం. అన్నం వేళ దాటితే గిన్నె నోట కరుచుకుని వచ్చి తలుపును కాలితో తంతాడు. తిండి వచ్చేటప్పుడు ఆనందంతో గంతులేస్తాడు, తెచ్చినవాడి మొహం మాత్రం చూడడు.

మా ఎర్రోడి సంగతి కూడా ఇదే. మా జేజి చట్టిలో మిగిలిన చేపల పులుసు అన్నంలో పిసికి, ముళ్లు ఏరి, గోడ పక్కన బండరాయి మీద పెట్టేది. ఆమె లేనప్పుడు నేను. పేరు పెట్టి ఎంత పిలిచినా వాడు వచ్చేవాడు కాదు. గరిటెతో సత్తు గిన్నె అడుగు గీకితే మాత్రం ఏ సందులో ఉన్నా వచ్చి నిలబడేవాడు. వచ్చీరాగానే తినేవాడు కూడా కాదు. మొదటి ముద్ద నోట పట్టుకుని రెండడుగులు అవతలికి తీసుకుపోయి, కింద పెట్టి, వాసన చూసి, అప్పుడు తినేవాడు. రోజూ పెట్టే చెయ్యే, రోజూ తినే అన్నమే, అయినా రోజూ ఆ పరీక్ష తప్పేది కాదు. తిన్నాక ఎదురింటివాళ్లు ఇల్లు కట్టడానికి పోసుకున్న ఇసుకలో మూడు చుట్లు తిరిగి, ముక్కు తోక కింద పెట్టుకుని పడుకునేవాడు. నన్ను చూసి తోక ఊపేవాడా? ఊపేవాడు. పాల ప్యాకెట్లు వేసే పిల్లోడిని చూసి ఇంకా ఎక్కువ ఊపేవాడు.

ఇంకో సంగతి. వాడు ఎర్రోడు అయింది మా ఇంట్లోనే. ఎదురింటి రిటైర్డు హెడ్మాస్టరు గారికి వాడు సీజరు. మలుపులో టీ కొట్టు దగ్గర టైగరు. మూడు చోట్లా తిండి, మూడు పేర్లు. ఎవరికి వాళ్లం మా కుక్క అనుకున్నాం. వాడు మాత్రం మమ్మల్ని గరిటె ఇల్లు, బిస్కట్ల ఇల్లు, బన్ను ముక్కల కొట్టు అనుకుని ఉంటాడు.

మన భాషలో కుక్క రెండు రకాలుగా దొరుకుతుంది. ఒకటి సామెతల కుక్క. కుక్క తోక వంకర, మొరిగే కుక్క కరవదు, కుక్కలు చింపిన విస్తరి, కుక్క తోక పట్టుకుని గోదారి ఈదడం. కుక్కను సింహాసనం ఎక్కిస్తే ఏమవుతుందో సుమతీ శతకం బడికి పోయిన ప్రతివాడికీ చెప్పింది. వీటిలో కుక్క మీద గౌరవం లేదు, సరే. కానీ వీటిని పుట్టించినవాళ్లు కుక్కను కళ్లారా చూశారు. విస్తరాకును కుక్కలు ఎలా చింపుతాయో చూడకుండా ఆ మాట రాదు. రెండోది నీతి పాఠాల కుక్క. చిన్నప్పుడు ఆవు మీద, ఆ తర్వాత కుక్క మీద వ్యాసం రాయించేవాళ్లు. కుక్క విశ్వాసం గల జంతువు అని మొదలుపెట్టకపోతే మార్కులు పడేవి కావు. ఈ రెండో కుక్కను ఎవరూ చూడలేదు. మనుషుల్లో దొరకనిదాన్ని దాని మెడకు కట్టి కూర్చోబెట్టాం.

అంతకు ముందు మాత్రం మనవాళ్లు ఇంకోలా కూడా చూశారు. తెలుగు భారతం మొదట్లోనే, ఆదిపర్వంలో, ఒక కుక్క మాట్లాడుతుంది. జనమేజయుడు యాగం చేస్తుంటే సారమేయుడనే కుక్కపిల్ల అక్కడ ఆడుకుంటూ తిరుగుతుంది. రాజు తమ్ముళ్లు దాన్ని కొడతారు. అది ఏడుస్తూ పోయి తల్లి సరమకు చెబుతుంది. సరమ నేరుగా రాజు దగ్గరికి వచ్చి, ఏ తప్పూ చేయని నా బిడ్డను ఎందుకు కొట్టారని అడుగుతుంది. ఇది తగునా తగదా అని ఆలోచించకుండా పేదవాళ్లకు కీడు చేసేవాళ్లకు కారణం లేకుండానే భయాలు వచ్చి పడతాయని చెప్పి పోతుంది. నన్నయ దీన్ని కంద పద్యంలో పెట్టాడు. మా తెలుగు మాస్టారు బెత్తం చంకలో పెట్టుకుని ఆ పద్యం చెబుతుంటే అది కుక్క చెప్పిన మాటని మాకు పట్టనే లేదు. దేవతల కుక్కే అయినా, వచ్చింది తల్లిగా, తగాదాకు. రాజును పొగడలేదు, తోక ఊపలేదు.

భారతం చివర్లో ఇంకో కుక్క ఉంది. అది రాసింది మా ఊరి కవి. నెల్లూరు మనుమసిద్ధి కొలువులో ఉన్న తిక్కన పెన్న ఒడ్డున తెలుగు చేసిన పదిహేను పర్వాల్లో మహాప్రస్థానికం ఒకటి. అందరూ దారిలో పడిపోయాక ధర్మరాజు వెంట కుక్క ఒక్కటే మిగులుతుంది. దాన్ని వదిలేసి రథం ఎక్కమంటాడు ఇంద్రుడు. నన్ను నమ్ముకుని వచ్చినదాన్ని వదిలి స్వర్గానికి రానంటాడు ధర్మరాజు. ఇంతవరకూ నాకు ప్రాణం. తర్వాతే అది కుక్క కాదని, ధర్మదేవత అని తేలుతుంది. భక్తులు క్షమించాలి, నాకు అక్కడ ప్రతిసారీ కొంచెం నిరాశ. అది చివరిదాకా కుక్కగానే ఉండి, స్వర్గం గుమ్మంలో మూడు చుట్లు తిరిగి పడుకుని ఉంటే ఎంత బాగుండేది!

విశ్వాసం విశ్వాసం అంటాం, ఆ లెక్క తీస్తే అప్పు ఎవరు ఎవరికి పడ్డారో కూడా చూడాలి. 1957 నవంబరులో రష్యావాళ్లు లైకాను అంతరిక్షంలోకి పంపారు. అది మాస్కో వీధికుక్క. తిరిగి తెచ్చే ఏర్పాటు ముందునుంచే లేదు. వేడికి కొన్ని గంటల్లోనే చచ్చిపోయింది. ఆ నిజం బయటికొచ్చింది 2002లో. 1969 మే నెలలో అపోలో 10లో అమెరికావాళ్లు పోయినప్పుడు చంద్రుడికి సుమారు 15 కిలోమీటర్ల దగ్గరిదాకా దిగిన నౌక పేరు స్నూపీ. అమెరికావాళ్లు బొమ్మ కుక్క పేరు పెట్టి మనుషుల్ని పంపి వెనక్కి తెచ్చుకున్నారు, రష్యావాళ్లు నిజం కుక్కను పంపి వదిలేశారు. శ్రీహరికోట మా జిల్లాలోనే ఉండేది, ఇప్పుడు తిరుపతి జిల్లాలో కలిపారు. రాకెట్ ఎగిరినప్పుడల్లా మిద్దెక్కి చూసేవాళ్లం. లైకా సంగతి తెలిసినప్పటి నుంచి ఆ మంటను చూస్తే ఒక్క క్షణం వేరేగా ఉంటుంది.

హచికో ఉంది కదా అంటారు. నాకు తెలుసు, ఎవరో ఒకరు అంటారని. టోక్యోలో ప్రొఫెసరు 1925లో పోతే, ఆ కుక్క 1935లో చచ్చేదాకా రోజూ షిబుయా స్టేషనుకు వచ్చి ఎదురుచూసింది. నిజమే. బతికుండగానే, 1934లో, దానికి విగ్రహం పెట్టారు. కాదనను. కుక్కల్లో అలాంటివి ఉంటాయి, మనుషుల్లో కూడా ఉంటారు. ఒక మనిషి పదేళ్లు ఎదురుచూశాడని మిగతా మనుషులందరి దగ్గరా అదే వసూలు చేయం కదా. కుక్క దగ్గరే ఎందుకు చేయాలి?

ఇదంతా మాటల గొడవ అనుకోవద్దు. ఇప్పుడు ఊరూరా వీధికుక్కల మీద జరుగుతున్న తగువు మొత్తం ఈ ఒక్క మాట మీదే నడుస్తోందని నా అనుమానం. పోయిన దసరాకు ఊరెళ్తే మా సందులోనే రెండు పార్టీలున్నాయి. ఒక అక్క, "మనం పెట్టింది తింటున్నాయి, మనల్నెందుకు కరుస్తాయి? విశ్వాసం గల జీవాలు" అంటుంది. ఒక అన్న, "అన్నం పెట్టిన చేతినే కరిచె, విశ్వాసం లేని నాకొడుకులు, అన్నింటినీ బండెక్కించాల" అంటాడు. ఇద్దరూ కుక్క బాండు పేపరు మీద సంతకం పెట్టిందనే నమ్ముతున్నారు. ఒకరు అది మాట నిలబెట్టుకుంటుందంటారు, ఇంకొకరు తప్పిందంటారు.

కుక్క కరిచేది దాని కారణాలకు అది కరుస్తుంది. పిల్లలు పెట్టిన తల్లి దగ్గరికి పోతే కరుస్తుంది. తింటుంటే గిన్నె లాగితే కరుస్తుంది. పరిగెత్తితే వెంటపడుతుంది. భయపడితే కరుస్తుంది. పిచ్చి పడితే ఇక ఏ లెక్కా లేదు. నన్ను తొమ్మిదేళ్లప్పుడు కరిచింది. గోలీ గోడ అవతల పడితే తెచ్చుకుందామని దూకాను, అవతల అయిదు పిల్లలతో తల్లి ఉంది. అప్పట్లో బొడ్డు చుట్టూ 14 సూదులు. గొర్రె మెదడు నుంచి చేసిన మందు అది, మన దేశంలో 2004లో గానీ దాన్ని ఆపలేదు. రోజూ మా నాయన సైకిలు మీద ఆస్పత్రికి తీసుకుపోయేవాడు. నాలుగో రోజుకు పొట్ట మీద చోటు వెతుక్కోవాల్సి వచ్చింది. కాబట్టి కుక్కలు ఎవరినీ ఏమీ చేయవు పాపం అనేవాళ్లతో నేను లేను. ఇప్పుడు చేతికి నాలుగైదు సూదులే. ఏ కుక్క కరిచినా, గీరినా, ముందు పంపు కింద పెట్టి సబ్బుతో పావుగంట కడగండి, అప్పుడు ఆస్పత్రికి పరిగెత్తండి. కారం అద్దడం, సున్నం పూయడం చేయొద్దు. స్నూపీ మూతి తగిలినప్పుడల్లా వేడినీళ్లు తెండి, అయోడిన్ తెండి అని కేకలు పెట్టే లూసీ అనే అమ్మాయి ఉంటుంది. అందరూ ఆమెను చూసి నవ్వుతారు. నాకైతే మా వీధికి ఒక లూసీ కావాలనిపిస్తుంది.

2023 నిబంధనల ప్రకారం వీధికుక్కను పట్టుకుని, పిల్లలు పుట్టకుండా ఆపరేషను చేసి, రేబిస్ టీకా వేసి, గుర్తుకు చెవి కొన కత్తిరించి, పట్టుకున్న చోటే వదలాలి. 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు ఢిల్లీ కుక్కలన్నింటినీ షెల్టర్లకు తరలించమని ఒక వారం చెప్పి, తర్వాతి వారం దాన్ని మార్చింది. పిచ్చి ఉన్నవీ, మీద పడి కరిచేవీ తప్ప మిగతావాటిని టీకా వేసి ఎక్కడివక్కడే వదలమంది. నవంబరులో బడులూ ఆస్పత్రులూ బస్టాండ్లూ రైల్వే స్టేషన్ల దగ్గరివాటిని తీసేయమంది. దేని మీదైనా వాదించుకోవచ్చు. నాకు నచ్చిందల్లా ఇందులో ఎక్కడా కుక్క మంచిదా చెడ్డదా అన్న ప్రశ్న లేకపోవడం. చెవి కత్తిరించిన కుక్కకు విశ్వాసం ఉండక్కర్లేదు, టీకా ఉంటే చాలు. పని జరుగుతుందా అంటారా? మా సందులో నేను లెక్కపెట్టిన తొమ్మిదింటిలో చెవి గుర్తు ఉన్నవి రెండు. పట్టించుకోవాల్సినవాళ్ల పేరు చెప్పను, ఫోను చేస్తే వాళ్లు చెప్పిన జవాబు కూడా చెప్పను.

షుల్జ్ దాదాపు యాభై ఏళ్లు గీశాడు. మొత్తం 17,897 కామిక్కులు, గీత దగ్గర నుంచి అక్షరం దాకా అన్నీ ఆయన చేతివే, సహాయకుడిని పెట్టుకోలేదు. అన్నేళ్లలో స్నూపీని చార్లీ బ్రౌన్ పాదాల దగ్గర కూర్చుని కళ్లలోకి చూసే కుక్కగా మార్చేయాలని ఎన్నిసార్లు అనిపించి ఉంటుందో. జనానికి అదే కావాలి కూడా. నా టీషర్టు లాంటివి, మగ్గులూ గ్రీటింగ్ కార్డులూ అన్నీ ఆ ముద్దొచ్చే కుక్కనే అమ్ముకున్నాయి. కామిక్కులో మాత్రం స్నూపీకి అతను ఆ గుండ్రటి తల పిల్లోడే. అయినా చార్లీ బ్రౌన్ గిన్నె పట్టుకుని వస్తూనే ఉన్నాడు.

2000 ఫిబ్రవరి 12 రాత్రి షుల్జ్ నిద్రలో పోయాడు. మర్నాడు ఆదివారం పేపర్లలో ఆఖరి కామిక్కు వచ్చింది. స్నూపీ ఇంటి కప్పు మీద టైపు మిషను ముందు కూర్చుని ఉంటాడు, పక్కన పాఠకులకు షుల్జ్ సెలవు చెబుతూ రాసిన ఉత్తరం. చార్లీ బ్రౌన్, స్నూపీ, లైనస్, లూసీ అంటూ పేరుపేరునా తలుచుకుని, వీళ్లను ఎలా మరిచిపోతానని రాసుకున్నాడు. పేర్లు గుర్తుపెట్టుకునే పని మనిషిది.

2003 పండక్కి మళ్లీ వస్తాను. కనుమ రోజు రాత్రి జేజి వంటింట్లోంచి గిన్నె నా చేతికిచ్చింది. "పో, పెట్టిరా. నిన్ను చూసి మొరిగినాడని వాడిని పస్తు పెడతావా?" అంది. బండరాయి దగ్గరికి పోయి గరిటెతో అడుగు గీకాను. హెడ్మాస్టరు గారి గేటు దగ్గర్నుంచి లేచి వచ్చాడు. నా వైపు చూడలేదు. మొదటి ముద్ద నోట పట్టుకుని రెండడుగులు అవతలికి పోయి, కింద పెట్టి, వాసన చూశాడు.